కురుసుర మీద ఫిరంగి ఎందుకు లేదు?

విశాఖ రామకృష్ణా బీచ్‌లో ఇసుక మీద నిలబెట్టిన ఐఎన్‌ఎస్ కురుసుర జలాంతర్గామిని చూసొచ్చినవాళ్లు ఎక్కువగా చెప్పేది లోపలి ఇరుకు గురించే. ఒక గదిలోంచి ఇంకో గదిలోకి వెళ్లాలంటే గుండ్రటి ఇనుప కంతలోంచి ముందు కాలు దూర్చి, తల వంచి, ఒళ్లంతా ముడుచుకుని దాటాలి. ఇలాంటి ఏడు గదుల్లో 75 మంది వారాల తరబడి గడిపేవారు. నాకు మాత్రం బయట నిలబడగానే తట్టే ప్రశ్న వేరు: యుద్ధం కోసం కట్టిన నౌక కదా, పైన ఫిరంగి ఏది?

దీనికి జవాబు కావాలంటే 1930ల ఫ్రాన్స్‌కు వెళ్లాలి. రెండు ప్రపంచ యుద్ధాల మధ్య ఫ్రెంచి నౌకాదళం ‘రెడూటబుల్’ తరగతి పేరుతో 31 జలాంతర్గాములు కట్టించింది. వాటిలో ఒకటి 1935లో నీళ్లలోకి దిగిన ‘కాజాబియాంకా’. పొడవు సుమారు 92 మీటర్లు, అంటే మన కురుసుర (91.3 మీటర్లు) అంతే. డెక్ మీద 100 మి.మీ. ఫిరంగి. టార్పెడో గొట్టాల్లో కొన్ని ఒంటి బయటే, అటూ ఇటూ తిప్పి గురిపెట్టేలా అమర్చారు. నీటిపైన జోరుగా పరిగెత్తేది. మునిగితే ఆ వేగంలో సగానికి కాస్త అటూ ఇటూ. నిజానికి అది అవసరమైనప్పుడు మునగగలిగే ఓడ, అంతే. అప్పటి జలాంతర్గాములన్నీ దాదాపు అలాంటివే.

ఎందుకంటే డీజిల్ ఇంజన్‌కు గాలి కావాలి. మునిగాక నడిపేది బ్యాటరీ. ఇక్కడ భౌతికశాస్త్రం చాలా పిసినారి. నీటిలో వేగం రెట్టింపు చేయాలంటే గంటకు సుమారు ఎనిమిది రెట్ల శక్తి ఖర్చవుతుంది. బ్యాటరీ ఎనిమిదో వంతు కాలంలోనే ఖాళీ అవుతుంది, కాబట్టి వెళ్లగలిగే దూరం నాలుగో వంతుకు పడిపోతుంది. అందుకే అప్పటి జలాంతర్గామి నీటి కింద మనిషి నడకంత వేగంతో పాకేది. చార్జింగ్ కోసం రాత్రిళ్లు పైకి తేలేది. విమానాలకు రాడార్ వచ్చాక ఆ చీకటి కూడా కాపాడలేదు.

అయినా కాజాబియాంకా తన పని గొప్పగా చేసింది. 1942 నవంబర్ 27న జర్మన్లు తూలాన్ రేవులోకి చొరబడినప్పుడు, శత్రువు చేతికి చిక్కకూడదని ఫ్రెంచివాళ్లు తమ నౌకలను తామే ముంచేసుకున్నారు. కాజాబియాంకా కమాండర్ లెర్మినియే మాత్రం దాన్ని తప్పించి అల్జీర్స్ చేర్చాడు. ఆ తర్వాత రహస్యంగా కోర్సికా దీవికి మనుషుల్ని, ఆయుధాల్ని మోసింది. 1943 సెప్టెంబర్‌లో 109 మంది సైనికుల్ని కుక్కుకుని వెళ్లి అక్కడి అజాక్సియోలో దించింది. దాని ఫిరంగి కంటే, కంటపడకుండా తిరగగలగడమే ఎక్కువ అక్కరకొచ్చింది.

యుద్ధం నేర్పిన ఆ పాఠం కురుసుర ఒంటి మీదే కనిపిస్తుంది. సోవియట్ యూనియన్ కట్టిన ఈ ఫాక్స్‌ట్రాట్ తరగతి నౌకకు ఫిరంగి లేదు. పది టార్పెడో గొట్టాలూ లోపలే, ముందు ఆరు, వెనక నాలుగు. నీటిపైన గంటకు సుమారు 30 కిలోమీటర్లు పోతే, నీటి కిందా ఇంచుమించు అంతే. పైగా స్నార్కెల్ ఉంది. బీదర్ వైపువాళ్లకు ఇది ఇట్టే అర్థమవుతుంది. బీదర్ పక్కన నౌబాద్‌లో బహమనీల కాలపు సురంగ బావిని చూసే ఉంటారు: భూమి కింద నీళ్ల దారి, అక్కడక్కడ పైకి తెరిచిన గాలి బావులు. స్నార్కెల్ కూడా అలాంటి గాలి దారే. నౌక మునిగే ఉంటుంది, గొట్టం మూతి మాత్రం అలల పైన ఉంటుంది, డీజిల్ దాంతో ఊపిరి పీల్చుకుంటుంది. అల వచ్చి మూతిని కప్పితే కవాటం టక్కున మూసుకుంటుంది. ఇంజన్ మాత్రం ఆగదు, నౌకలోని గాలినే లాగేస్తుంది. లోపలివాళ్ల చెవులు దిబ్బెళ్లు పడతాయి.

1969 డిసెంబర్ 18న రీగాలో నౌకాదళంలో చేరిన కురుసురకు రెండేళ్లకే పాకిస్తాన్‌తో యుద్ధం ఎదురైంది. 1971 నవంబర్ 18 నాటికే అరేబియా సముద్రంలో కాపు కాసింది. కానీ కట్టుబాట్లు పెట్టారు. నిర్ణయించిన ఓడల దారులు దాటకూడదు, లక్ష్యం ఎవరిదో కచ్చితంగా తేల్చుకోకుండా దాడి చేయకూడదు. తటస్థ దేశాల వాణిజ్య నౌకలు తిరిగే నీళ్లలో ఇది సబబైన జాగ్రత్తే. అయితే దాక్కోవడానికే కట్టిన నౌకను దగ్గరికెళ్లి ముఖం చూసి రమ్మంటే, దాని ప్రధాన బలాన్ని కొంత వదులుకున్నట్టే. నవంబర్ 30న మరో జలాంతర్గామి ఐఎన్‌ఎస్ కరంజ్‌ను కలిసి, కురుసుర డిసెంబర్ 4న ముంబయి చేరింది. ఒక్క ఓడనూ ముంచలేదు.

ఫ్రాన్స్ ఆ యుద్ధంలో మరో రూపంలో ఎదురైంది. పాకిస్తాన్ ఫ్రాన్స్ దగ్గర కొన్న డాఫ్నే తరగతి జలాంతర్గామి ‘హాంగోర్’ డిసెంబర్ 9 రాత్రి మన యుద్ధనౌక ఐఎన్‌ఎస్ ఖుక్రీని ముంచింది. ఖుక్రీతో పాటు 194 మంది ప్రాణాలు పోయాయి. హాంగోర్ నీటిపైన 900 టన్నులు కూడా తూగదు, కురుసురలో సగం కంటే తక్కువ. దాని మీద కూడా ఫిరంగి లేదు. మన నౌకలు, విమానాలు రోజుల తరబడి గాలించినా చిక్కకుండా అది కరాచీ చేరింది.