సముద్రగర్భము చెప్పిన సాక్ష్యము

బావిలో చేద జారిపడినప్పుడు పాతాళగరిగెను త్రాటికి కట్టి దింపి, అడుగున తడవి, దానిని పైకి తీయుట మన గ్రామములలో అందరును ఎరిగిన పనియే. ఇంచుమించుగా ఇట్టి ఉపాయముతోనే ఒక మనుష్యుడు 328 సంవత్సరములు సముద్రగర్భమున పడియున్న గొప్ప యుద్ధనౌకను వెదకి కనుగొనెను. ఆ నౌక పేరు వాసా. అది స్వీడను దేశపు రాజధానియగు స్టాక్‌హోమ్ రేవులో 1628లో మునిగి, 1961లో పైకి తేలినది.

పంచాయతీ సభ్యులకు ఎక్కడనో మునిగిన ఓడతో పని యేమి యని కొందరికి సందేహము కలుగవచ్చును. ఆ ఓడ ప్రజాధనముతో కట్టబడినది. అది మునుగునని తెలిసినవారు కొందరుండిరి. అయినను దానిని ఎవరును ఆపలేదు. ఆనాటి విచారణలో బయటపడని కారణములను సముద్రగర్భము దాచియుంచి, మన కాలమున వెల్లడించినది. అందువలననే ఈ కథను మా పాఠకుల ముందుంచుచున్నాము.

రాజు కోరిన ఓడ

పదునేడవ శతాబ్దమున స్వీడను రాజగు గుస్తావ్ అడాల్ఫ్ పోలెండుతో యుద్ధము చేయుచుండెను. బాల్టిక్ సముద్రముపై ఆధిపత్యమునకు బలమైన ఓడలు కావలసియుండెను. 1625లో హెన్రిక్ హైబర్ట్‌సన్ అను డచ్చి శిల్పితో ఆయన ఒడంబడిక చేసికొనెను. పని మొదలయిన కొలది కాలమునకే ఆ శిల్పి వ్యాధిగ్రస్తుడై, 1627లో మరణించెను. ఒడంబడిక బాధ్యత ఆయన భార్య మార్గరెటాపై పడినది. కట్టుబడి పనిని హెయిన్ జాకబ్‌సన్ అను మరియొక శిల్పి నెరవేర్చెను.

వాసాలో ఒకదానిపై ఒకటిగా రెండు అంతస్తుల ఫిరంగులు అమర్చబడెను. మొత్తము 64 ఫిరంగులు. అడుగునుండి స్తంభాగ్రము వరకు ఎత్తు 52 మీటర్లకు పైబడినది. ఓడ వెనుకభాగమంతయు సింహములు, వీరులు, దేవతలు మున్నగు చెక్కడపు బొమ్మలతో రంగురంగులుగా అలంకరింపబడినది. చూచుటకు అది రాజసౌధమువలె నుండెను.

అయితే ఓడకు అందముకంటె నిలకడ ముఖ్యము. గడ్డిని మితిమీరి ఎత్తుగా వేసిన బండి చిన్న గోతిలో చక్రము దిగినను ఒరిగిపోవును. అంతే బరువుగల ధాన్యపు బస్తాలు తక్కువ ఎత్తున వేసిన బండి ఒరగదు. బరువెంత యనుటకంటె, ఆ బరువు ఎంత ఎత్తున నున్నది యనునదే ప్రధానము. ఓడకును ఇదియే సూత్రము. అందుచేత ఓడల అడుగున నిలకడ కొరకు రాళ్లు నింపుదురు. వాసా అడుగునను సుమారు 120 టన్నుల రాళ్లు నింపబడెను. కాని పైభాగపు కట్టడము అంతకు మించిన బరువుగా నుండెను. ఇంకను రాళ్లు వేసిన యెడల ఓడ మరింత లోతునకు దిగి, క్రింది అంతస్తు ఫిరంగుల కిటికీలు నీటిమట్టమునకు మిక్కిలి దగ్గరపడును.

ఆగిపోయిన పరీక్ష

ఓడ బయలుదేరుటకు ముందు, 1628 వేసవిలో, రేవునందే ఒక పరీక్ష జరిగినది. నౌకాదళాధికారి క్లాస్ ఫ్లెమింగ్ సమక్షమున 30 మంది నావికులు పైతట్టుపై ఈ ప్రక్కనుండి ఆ ప్రక్కకు గుంపుగా పరుగెత్తిరి. మూడుమారులు పరుగెత్తునప్పటికే ఓడ మిక్కిలిగా ఊగినది. ఇంకను పరుగెత్తినచో రేవులోనే బోల్తాపడునని భయపడి పరీక్షను ఆపివేసిరి.

పరీక్షను ఆపిరి గాని ప్రయాణమును ఆపలేదు. ఓడను కట్టినవాడు ఇదివరకు ఎన్నియో కట్టినవాడే గనుక చింతింప బనిలేదని సమాధానపడిరి. రాజు దూరదేశమున యుద్ధరంగమునందుండి, ఓడను త్వరగా పంపుడని ఉత్తరములు వ్రాయుచుండెను. ఆయనకు నిజము తెలుపు సాహసము ఎవరికిని కలుగలేదు.

1628 ఆగష్టు 10వ తేదీన వాసా బయలుదేరినది. తీరమంతయు జనసమ్మర్దముగా నుండెను. మొదటి ప్రయాణము గనుక నావికుల భార్యాబిడ్డలలో కొందరు కూడ కొంతదూరము వచ్చుటకు ఎక్కియుండిరి. గాలి మందముగా వీచుచుండెను. కొలదిగా విసరిన ఒక గాలితెరకు ఓడ ఎడమవైపునకు ఒరిగి, మెల్లగా లేచినది. రెండవ తెరకు మరల ఒరిగినది. ఈమారు తెరచియున్న క్రింది ఫిరంగి కిటికీల ద్వారా నీరు ప్రవేశించినది. సుమారు 1300 మీటర్లు మాత్రము ప్రయాణము చేసిన ఆ మహానౌక, చూచువారి కన్నులయెదుటనే 32 మీటర్ల లోతున మునిగిపోయినది. సుమారు 30 మంది ప్రాణములు కోల్పోయిరి.

దోషి లేని విచారణ

రాజాజ్ఞచే విచారణ జరిగినది. కప్తాను సోఫ్రింగ్ హాన్సన్‌ను ఆనాడే నిర్బంధించి ప్రశ్నించిరి. ఫిరంగులు సరిగా కట్టబడియుండెననియు, నావికులెవరును మద్యము సేవింపలేదనియు ఆయన ప్రమాణము చేసెను. ఓడను రాజు ఆమోదించిన కొలతల ప్రకారమే కట్టితిమని శిల్పులు చెప్పిరి. కొలతలను ఆమోదించినవాడు సాక్షాత్తు రాజు. ప్రధాన శిల్పి మరణించియుండెను. ఇక తప్పు ఎవరిది? ఎవరిని దోషిగా నిర్ణయింపకయే విచారణ ముగిసినది. ఎవరికిని శిక్ష పడలేదు. నిజమును చెప్పగలిగిన సాక్షి ఒక్కటే. అది నీటి అడుగున నున్నది.

గంటలో దిగిన మనుష్యులు

ఓడలో మునిగిన కంచు ఫిరంగులు మిక్కిలి విలువైనవి. 1660 ప్రాంతముల ఫాన్ ట్రైలెబెన్ అనునతడు తన సహచరులతో వాటిని తీయుటకు పూనుకొనెను. ఆ కాలమున నీటిలో ఊపిరి తీయుటకు యంత్రములు లేవు. వారు గంట ఆకారముగల ఒక పెద్ద పాత్రను ఉపయోగించిరి. చెంబును తలక్రిందుగా నీటిలో ముంచి చూడుడు. లోపలి గాలి బయటకు పోదు. అట్లే బోర్లించిన గంటలో నిలువబడిన గాలిని పీల్చుచు, మనుష్యుడు దాని క్రిందనున్న పలకపై నిలిచి అడుగునకు దిగెడివాడు. చీకటిలో, గడ్డకట్టించు చలిలో, కొక్కెములు తగిలించిన పొడుగాటి కఱ్ఱలతో తడవి, టన్నుకు పైగా బరువుగల ఫిరంగులను ఒక్కొక్కటిగా త్రాళ్లకు తగిలించిరి. ఈ విధముగా 1664, 1665 సంవత్సరములలో 50కి పైగా ఫిరంగులు పైకి వచ్చినవి. అటుపిమ్మట ఓడను లోకము మరచినది.

తిరిగి కనుగొనుట

ఆండర్స్ ఫ్రాంజెన్ అను ఇంజనీరుకు పాత ఓడలపై ఆసక్తి మెండు. ఆయన ఒక ముఖ్య విషయమును గమనించెను. ఉప్పునీటి సముద్రములలో కొయ్యను తొలిచి తినివేయు ఒక జీవి కలదు. దానిని ఓడపురుగు అందురు. మన బంగాళాఖాతమువంటి వెచ్చని ఉప్పునీటిలో కొయ్య ఓడ మునిగిన కొలది సంవత్సరములకే ఈ పురుగుల పాలగును. బాల్టిక్ సముద్రపు నీటిలో ఉప్పు స్వల్పము గనుక అచ్చట ఈ పురుగు బ్రతుకజాలదు. కావున ఆ సముద్రమున మునిగిన ఓడలు చెక్కుచెదరక యుండవచ్చునని ఆయన ఊహించెను.

ఆయన పాతపత్రములను చదివి, చిన్న పడవపై తిరుగుచు, కొక్కెములతోను ఇనుప తీగలతోను అడుగును సంవత్సరముల తరబడి తడవి చూచెను. బోలు మొనగల ఒక ఇనుప గుండును స్వయముగా తయారు చేసికొనెను. దానిని త్రాటితో వదలినచో అడుగున తగిలినదాని ముక్కను మొనలో పట్టి తెచ్చును. 1956 ఆగష్టులో ఆ మొనలో నల్లబడిన ఓకు కొయ్య ముక్క వచ్చినది. పిమ్మట పెర్ ఎడ్విన్ ఫెల్టింగ్ అను గజఈతగాడు దిగి, చీకటిలో చేతులతో తడవి, రెండు వరుసల ఫిరంగి కిటికీలు కలవని నిశ్చయించెను. రెండు వరుసలనగా అది వాసాయే.

పైకెత్తిన విధము

ఓడ అడుగుభాగము బురదలో కూరుకొనియుండెను. గజఈతగాండ్రు నీటిధారను బలముగా చిమ్ము గొట్టములతో ఓడక్రింద ఆరు సొరంగములు త్రవ్విరి. పైన టన్నులకొలది రాళ్లు, శిథిలమైన కొయ్య ఉండగా, క్రింద చీకటిలో ప్రాకుచు చేసిన పని అది. రెండు సంవత్సరములు సాగిన ఆ త్రవ్వకములో ఎవరికిని ప్రాణహాని కలుగలేదు. ఆ సొరంగములగుండ ఉక్కు త్రాళ్లను దూర్చి, పైన తేలుచున్న రెండు పెద్ద తొట్టిపడవలకు కట్టిరి. ముందు తొట్లను నీటితో నింపి క్రిందికి దింపి, త్రాళ్లు బిగించి, పిమ్మట నీటిని తోడివేయుదురు. తొట్లు తేలిక పడి లేచును. వానితోపాటు ఓడయు లేచును. ఇట్లు 1959లో 18 విడతలుగా ఎత్తుచు దానిని తక్కువ లోతుగల చోటికి జరిపిరి. రెండేండ్లు రంధ్రములు మూసి బలపరచిన తరువాత, 1961 ఏప్రిల్ 24న వాసా మరల సూర్యకాంతిని చూచినది.

పైకి తీయుటతో పని పూర్తికాలేదు. మూడువందల యేండ్లు నానిన కొయ్య ఒక్కసారిగా ఆరినచో ముడుచుకొని పగుళ్లు వారును. అందుచేత నీటికి బదులు కొయ్యలోనికి ఇంకుటకై, పాలీఎథిలీన్ గ్లైకాల్ అను మైనమువంటి రసాయనమును 17 సంవత్సరములు ఎడతెగక చల్లిరి. 1990లో ప్రత్యేకమైన ప్రదర్శనశాల తెరువబడినది. అయినను 2000 ప్రాంతమున కొయ్యలో ఆమ్లము పుట్టుచున్నట్లు తేలినది. తరువాతి కాలమున వేలకొలది ఇనుప మేకులను తీసి మేలురకపు ఉక్కు మేకులు వేసిరి. దీనివలన మనము గ్రహింపవలసినది ఒకటి కలదు. సముద్రమునుండి ఒక వస్తువును తీయుట ఒక దినము పని. దానిని కాపాడుట తరముల పని.

ఓడ చెప్పిన మాట

ఓడలో మడతపెట్టిన తెరచాపలు, నావికుల పెట్టెలు, చెప్పులు, వంటపాత్రలు, ఒక డబ్బాలో వెన్న కూడ దొరికినవి. మరణించినవారి అస్థికలు లభించినవి. వానిలో పురుషునిదని చిరకాలము తలచిన ఒక అస్థిపంజరము స్త్రీదని జన్యుపరీక్షవలన 2023లో నిర్ధారణ యైనది. నాటి పత్రములలో కనబడని ఒక సామాన్యురాలి ఉనికిని ఈ విధముగా సముద్రము మనకు తెలిపినది.

అన్నిటికంటె ముఖ్యమైనవి నాలుగు కొలబద్దలు. అవి వడ్రంగులు వాడినవి. వానిలో రెండు స్వీడను అడుగు కొలత గలవి. మిగిలిన రెండు ఆమ్‌స్టర్‌డామ్ అడుగు కొలత గలవి. స్వీడను అడుగునకు 12 అంగుళములు, ఆమ్‌స్టర్‌డామ్ అడుగునకు 11 అంగుళములు. ఒకే ఓడపై పనిచేసినవారు వేరువేరు కొలతలతో పనిచేసిరన్నమాట. శాస్త్రజ్ఞులు ఓడను అంగుళమంగుళముగా కొలిచి చూడగా, ఎడమప్రక్క కొయ్య కుడిప్రక్కకంటె దళసరిగా నున్నట్లు తేలినది. వాసా ఎడమవైపునకే ఒరిగినదని పాఠకులు జ్ఞాపకముంచుకొందురు గాక. ఇక మునుగుటకు మూలకారణము ఫిరంగుల బరువు మాత్రమే కాదు, పైభాగపు కట్టడమే మితిమీరిన బరువు గలదని లెక్కలవలన తెలిసినది. ఆనాటి విచారణ తేల్చలేని విషయమును సముద్రగర్భాన్వేషణము ఇట్లు తేల్చినది.

మన కర్తవ్యము

సముద్రగర్భాన్వేషణలో పండితులేగాక సామాన్యులును గొప్ప పాత్ర వహించిరి. గ్రీసు దేశమున ఆంటికితెరా ద్వీపము చెంత 1900లో పురాతనపు ఓడను కనుగొన్నవారు స్పంజి తీయు ఈతగాండ్రు. గ్రహగతులను లెక్కించు పళ్లచక్రముల యంత్రము అందుండి లభించినది. తుర్కీ తీరమున ఉలుబురున్ వద్ద మూడువేల యేండ్లకు పైబడిన ఓడను 1982లో మొదట చూచినవాడును అట్టి ఈతగాడే. వారు చూచినది చూచినట్లు చెప్పుటచేతనే ఆ నిధులు లోకమునకు దక్కినవి.

మన తీరగ్రామములలో వలకు పాతకాలపు పాత్రయో, లంగరో, నాణెములో చిక్కిన యెడల, వానిని కరగించుటగాని అమ్ముటగాని తగదు. దొరికిన చోటును గుర్తుపెట్టుకొని తహసీల్దారుకు తెలుపవలెను. భూమిలో దొరికిన నిధిని గూర్చి కలెక్టరుకు తెలియజేయవలెనని 1878 నాటి చట్టము విధించుచున్నది. తీరగ్రామముల సభ్యులు ఈ సంగతిని బెస్తవారికి నచ్చజెప్పవలెను.

తీరమునకు దూరముగా నున్న గ్రామములకును వాసా చెప్పు మాట కలదు. కల్వర్టు కాని, నీళ్లట్యాంకు కాని, పాఠశాల గది కాని, ప్రజాధనముతో కట్టు ప్రతి కట్టడమును ఒక ఓడవంటిదే. కొలతలు ఒకే బద్దతో కొలిచిరా? పరీక్ష జరిగినదా? పరీక్షలో లోపము కనబడినచో పని ఆగినదా, లేక పరీక్ష మాత్రమే ఆగినదా? ఈ ప్రశ్నలను గ్రామసభలో అడుగుట సభ్యుల హక్కు. ఉద్ఘాటన తేదీ దగ్గరపడినదనియు, పెద్దలు వచ్చుచున్నారనియు తొందరపడి మౌనము వహించుట ఎవరికిని క్షేమము కాదు.

ఆనాడు స్టాక్‌హోమ్ రేవులో ఓడ ఊగుటను 30 మంది కాళ్లక్రింద ఎరిగిరి. అధికారులు కన్నులార చూచిరి. ఒక్కరు నిలిచి "ఆగుడు" అని యుండినచో ఆ 30 ప్రాణములు నిలిచెడివి. ఆ మాట పలుకవలసిన బాధ్యత నేడు మన గ్రామములలో పంచాయతీ సభ్యులది.