ముగింపు లేని వినోదం



1987 జనవరి నుంచి 1988 జులై వరకు ఆదివారం ఉదయం దూరదర్శన్‌లో రామానంద్ సాగర్ ‘రామాయణ్’ సీరియల్ వచ్చేది. మీలో కొందరు చూసే ఉంటారు, కొందరు పెద్దల నోట విని ఉంటారు. టీవీ ఉన్న ఇంటికి ఇరుగుపొరుగు అంతా చేరేవారు. ఎపిసోడ్ అయిపోగానే ఎవరి పనికి వారు. తరువాయి కథ కోసం వారం ఆగాల్సిందే.

ఇప్పటి వినోదానికి ఆ ముగింపు లేదు. 2020 జూన్‌లో మన దేశంలో టిక్‌టాక్‌ను నిషేధించారు. అదే ఏడాది ఇన్‌స్టాగ్రామ్ రీల్స్, యూట్యూబ్ షార్ట్స్ వచ్చాయి. వేలు పైకి జరిపితే చాలు, ఇంకో వీడియో సిద్ధం. పెద్ద వీడియోలకైతే ఆటోప్లే ఉంది. మనం నొక్కకపోయినా తర్వాతది మొదలవుతుంది. మనం దేన్ని ఎంతసేపు చూశామో యాప్ గమనించి, అలాంటివే ముందు పెడుతుంది. ఎంత ఎక్కువసేపు చూస్తే కంపెనీకి అంత ప్రకటనల ఆదాయం.

అందుకే “ఒక్కటి చూసి ఆపేస్తా” అన్న పిల్లలు ఆపలేకపోతే, అది మొండితనం అనుకోకండి. ఆగడానికి అక్కడ చోటే లేదు.

దీని ప్రభావం క్లాసులో కనిపిస్తుంది. సినిమా చూసి వచ్చిన పిల్లలు కథంతా వరుసగా చెబుతారు. రీల్స్ చూసినవాళ్లు “చాలా చూశాను టీచర్” అంటారు కానీ, ఒక్కటీ పూర్తిగా చెప్పలేరు. చూసింది గుర్తుపెట్టుకుని సొంత మాటల్లో చెప్పడం కూడా చదువులో భాగమే కదా!

ఫోన్ లాక్కోవాల్సిన పని లేదు. లేని ముగింపును మనమే పెడదాం.

• యూట్యూబ్, నెట్‌ఫ్లిక్స్ సెట్టింగ్స్‌లో ఆటోప్లే ఆపేయండి.

• “అరగంట చూడు” అనే బదులు “ఈ ఒక్క ఎపిసోడ్ చూడు” అనండి. కథ అయిపోయిన చోట ఆపడం పిల్లలకు తేలిక.

• రెండేళ్లలోపు పిల్లలకు స్క్రీన్ వద్దని, రెండు నుంచి ఐదేళ్ల వారికి రోజుకు గంట మించకూడదని, ఐదు నుంచి పదేళ్ల వారికి రెండు గంటల లోపే ఉండాలని ఇండియన్ అకాడమీ ఆఫ్ పీడియాట్రిక్స్ సూచిస్తోంది.

• వారానికి ఒక్క సినిమా అయినా ఇంటిల్లిపాదీ ఒకే స్క్రీన్ మీద చూడండి. తర్వాత “నీకు ఎవరు నచ్చారు? ఎందుకు?” అని అడగండి.

• భోజనాల దగ్గర మన ఫోన్లు కూడా పక్కన పెడదాం. పిల్లలు మన మాట కన్నా మన చేతులనే ఎక్కువగా చూస్తారు.

ఈ నెల ఇంట్లో ప్రయత్నించి, వచ్చే పేరెంట్స్ మీటింగ్‌లో మీ అనుభవం తప్పక చెప్పండి.