పశువు నడతలో జబ్బు జాడలు

పశువు తన బాధను నోటితో చెప్పలేదు, నడతతో చెప్పును. పశువైద్యుడు దానిని చూచునది కొద్ది నిమిషములు మాత్రమే. దినదినము చూచువాడు రైతు. కావున రైతు గమనించి చెప్పు సంగతులే వైద్యమునకు తొలిమెట్టు.

ముందుగా ఆరోగ్యముగానున్న పశువు తీరు తెలిసియుండవలెను. అది రోజుకు ఇంచుమించు 6 నుండి 8 గంటలు నెమరువేయును. ముట్టె చెమ్మగా నుండును. చెవులతోను, తోకతోను ఈగలను తోలుకొనును. ఈ తీరు తప్పినచో అనుమానింపవలెను.

కడుపుబ్బరము: ఎడమ డొక్క ఉబ్బును. పశువు మాటిమాటికి లేచి పండుకొనును; వెనుక కాలితో పొట్టను తన్నుకొనును. ఉబ్బిన పొట్ట ఊపిరితిత్తులను అదుముటచే కొద్ది గంటలలోనే ప్రాణము పోవచ్చును.

పొదుగువాపు: సాధువైన ఆవు పాలు పితుకునప్పుడు తన్నినచో కొట్టరాదు. తొలిధారలను నల్లగుడ్డపై పిండి విరుగుడు ముక్కలున్నవేమో చూడవలెను.

పాలజ్వరము: ఎక్కువ పాలిచ్చు పశువునకు సాధారణముగా ఈనిన 3 రోజులలోపల వచ్చును. తూలి పడి, మెడను డొక్కవైపు త్రిప్పి మగతగా పండుకొనును. పేరు జ్వరమే గాని చెవులు చల్లబడును. రక్తములో కాల్షియము తగ్గుటయే కారణము. నోట మందు పోయరాదు. మింగలేక అది ఊపిరితిత్తులలోనికి పోవును. వైద్యుడు సకాలమున నరమునకు కాల్షియము ఎక్కించినచో చాలవరకు పశువు లేచి నిలుచును.

పిచ్చికుక్కకాటు రోగము: పశువు కారణము లేకయే మీదికి వచ్చును, బొంగురుగా అరచును, చొంగ కార్చును, మ్రింగలేదు. గొంతులో ఏదో అడ్డుపడినదని నోట చేయి పెట్టరాదు. ఇది మనిషికిని ప్రాణాంతకము. చొంగ గాయమునకు తగిలినచో సబ్బుతో, ధారగా పడు నీటితో 15 నిమిషములు కడిగి, వెంటనే ఆసుపత్రికి పోయి టీకా వేయించుకొనవలెను.

వైద్యుడు వచ్చువరకు పశువును నీడలో కట్టి, అలవాటైన మనిషినే దగ్గర నుంచుడు. అదలించినను, పరుగెత్తించినను నాడియు, శ్వాసయు హెచ్చి రోగనిర్ణయము తప్పుదారి పట్టును. సరిగా వెనుకవైపు నున్నది పశువునకు కనబడదు. కావున ప్రక్కనుండి, మెల్లగా పలుకుచు సమీపింపవలెను.

మేత ఎప్పుడు మానినది, నెమరు ఎప్పుడు ఆగినది, పేడ ఎట్లున్నది, ఎప్పుడు ఈనినది అను నాలుగు సంగతులు వైద్యునకు చెప్పుడు. ఉదయము, సాయంకాలము మేత వేయునప్పుడు ప్రతి పశువును ఒక్క నిమిషము నిలిచి చూచుట అలవరచుకొన్నచో ఈ సంగతులు మీకు తప్పక తెలిసియుండును.