కొల్లేటి ఇంటికి కొలతలు తీయాలి

తెర మీద ఒక పెంకుటిల్లు రెండు నిమిషాలు కనబడుతుంది. దాని చూరు ఎంత కిందికి దిగాలి, అరుగు ఎంత ఎత్తుండాలి, వంటింటి గోడకి పొగ ఎంతవరకు పట్టాలి, ఇవన్నీ ఎవరో ఒకరు ముందే తేల్చాలి. ఆ మనిషే ప్రొడక్షన్ డిజైనర్. మన పాత సినిమాల టైటిల్స్‌లో 'కళ' అన్న రెండక్షరాల పక్కన పేరుండేది వీళ్లదే. హాలీవుడ్‌లో ఈ హోదాకి పేరు తెచ్చినవాడు విలియం కామెరాన్ మెంజీస్, 1939లో వచ్చిన 'గాన్ విత్ ది విండ్'తో.

ఈ పనికి మన పశ్చిమగోదావరి మనిషి అంతకు ముందే చెయ్యి వేశాడు. 1895లో భీమవరంలో పుట్టిన అడివి బాపిరాజు చిత్రకారుడు, 'నారాయణరావు' రాసిన నవలాకారుడు. 1936లో సి. పుల్లయ్య తీసిన 'అనసూయ', 'ధ్రువ విజయం' చిత్రాలకు కళాదర్శకత్వం వహించాడు. రంగూ కథా రెండూ తెలిసిన చెయ్యి సినిమాకి దొరకడమంటే అదే.

కథ ఈ నేల మీదిదైతే డిజైనర్ వెతుక్కోవలసినదంతా ఇక్కడే ఉంది. ఏలూరులో కాలవలు, ఉన్ని తివాచీలు నేసే మగ్గాలు. జమీందారు సావిడి చూపించాలంటే ఆ తివాచీ పరిస్తే చాలు. తాడేపల్లిగూడెంలో రెండో ప్రపంచ యుద్ధం నాటి రన్‌వే, హాస్యనటుడు రేలంగి కట్టించిన సినిమా హాలు. దిగువన కొల్లేరు. బుడమేరు, తమ్మిలేరు వచ్చి కలుస్తాయి, ఉప్పుటేరు సముద్రానికి తీసుకుపోతుంది. లంక ఊళ్లు, తాటిదోనెలు, చేపలు పట్టే మావులు, కిక్కిస గడ్డి, ఆటపాకలో గూడబాతులు.

కానీ యాభై ఏళ్ల కిందటి కొల్లేరు తీయాలని కెమెరాతో ఇప్పుడు వెళ్తే చిక్కే. 1999లో అభయారణ్యమైంది, 2002లో అంతర్జాతీయ ప్రాముఖ్యమున్న చిత్తడి నేలగా రామ్‌సర్ గుర్తింపు వచ్చింది, 2006లో చేపల చెరువుల గట్లు కొట్టేశారు. అయినా చాలాచోట్ల చెరువు గట్లూ కరెంటు స్తంభాలూ ఫ్రేములోకి వస్తాయి. ఊళ్లలో మండువా లోగిళ్ల చోట డాబాలు లేచాయి. అందులో తప్పు లేదు. వాన కారని ఇల్లు ఎవరికైనా కావాలి. అయితే ఆ లోగిలిని మళ్లీ చూపించాలంటే కట్టక తప్పదు. 2018లో 'రంగస్థలం' సినిమా కోసం 1980ల నాటి గోదావరి పల్లెను కళాదర్శకులు రామకృష్ణ, మోనిక హైదరాబాద్‌లో సెట్‌గా నిలబెట్టారు. మన ఊరే అనిపించింది చూసినవాళ్లకి.

అలా అనిపించడం ఊహతో రాదు, కొలతతో వస్తుంది. గుమ్మం ఎత్తు, దూలం మందం, స్తంభానికీ స్తంభానికీ ఎడం, దోనె పొడవు. కట్టిన వడ్రంగి పోయాడు, ఇల్లూ పోయింది, ఇక ఆ లెక్క ఎవరు చెబుతారు?

అందుకే ఒక మనవి. ఏలూరు, తాడేపల్లిగూడెం, భీమవరం ఇంజనీరింగ్, పాలిటెక్నిక్ విద్యార్థులు సెలవుల్లో తలా ఒక పాత ఇంటికి టేపు పట్టుకుని వెళ్లండి. ఇంటివాళ్లని అడిగి కొలవండి, గీయండి, ఫొటో తీయండి, తేదీ వేయండి. మీ ఇంట్లో మండువా ఉంటే, విప్పేముందు ఒక్కరోజు ఆగండి. ఆ ఒక్క కాగితం ఉంటే ఇల్లు పోయినా లెక్క మిగులుతుంది.