రువాన్ లింగ్యూ: నటించిన విషాదమే జీవితమైన చైనా మూకీ తార
చైనా మూకీ చిత్రాల యుగంలో అగ్రతారగా వెలిగిన రువాన్ లింగ్యూ 1935 మార్చి 8న షాంఘైలో ఆత్మహత్య చేసుకున్నారు. అప్పటికి ఆమె వయసు 24 ఏళ్లు. ఆ రోజు అంతర్జాతీయ మహిళా దినోత్సవం. ఆమె మరణానికి పత్రికల రాతలు ఎంతవరకు కారణమన్న చర్చ నాడే మొదలైంది.

పనిమనిషి కుమార్తె

రువాన్ 1910లో షాంఘైలో ఒక పేద కుటుంబంలో జన్మించారు. బాల్యంలోనే తండ్రి మరణించడంతో, తల్లి ఒక సంపన్నుల ఇంట పనిమనిషిగా చేరి ఆమెను చదివించారు. ఆ ఇంటి కుమారుడు జాంగ్ దామిన్‌తో రువాన్‌కు చిన్న వయసులోనే సాన్నిహిత్యం ఏర్పడింది. 1926లో, 16 ఏళ్ల వయసులో ఆమె మింగ్‌షింగ్ చిత్ర సంస్థలో చేరారు. తరువాత లియన్‌హ్వా సంస్థ చిత్రాలు ఆమెను అగ్రస్థానానికి చేర్చాయి.

మాట లేని నటన

ఆమె నటనకు శిఖరంగా విమర్శకులు పేర్కొనే చిత్రం 1934లో వూ యోంగాంగ్ దర్శకత్వంలో వచ్చిన 'దేవత'. ఆ చిత్రం చైనీస్ పేరుకు నాటి వాడుకలో వేశ్య అనే అర్థం కూడా ఉంది. కొడుకును బడికి పంపేందుకు ఒళ్లమ్ముకునే తల్లి కథ అది. తోటి పిల్లల తల్లిదండ్రుల అభ్యంతరంతో ఆ బాలుడు బడికి దూరమవుతాడు. ఆ తల్లి అవమానాన్ని, పట్టుదలను రువాన్ కేవలం చూపులతో, ముఖకవళికలతో పలికించారు.

తెర నుంచి జీవితంలోకి

1934లో ఐ షియా అనే నటి, రచయిత్రి ఆత్మహత్య చేసుకున్నారు. ఆ ఉదంతం ప్రేరణగా సాయ్ చూషెంగ్ 'నవ మహిళ' చిత్రాన్ని తీశారు. వేధింపులకు, పత్రికల అపవాదులకు బలైన రచయిత్రి పాత్రను అందులో రువాన్ పోషించారు. 1935 ఆరంభంలో చిత్రం విడుదల కాగానే, తమను కించపరిచారంటూ షాంఘై పాత్రికేయులు నిరసన తెలిపారు.

అదే సమయంలో రువాన్ వ్యక్తిగత జీవితం వీధికెక్కింది. నెలనెలా సొమ్ము చెల్లించే ఒప్పందంతో ఆమె జాంగ్ నుంచి విడిపోయి, తేయాకు వ్యాపారి తాంగ్ జీషాన్‌తో జీవిస్తున్నారు. జాంగ్ వారిద్దరిపై న్యాయస్థానాన్ని ఆశ్రయించగా, పత్రికలు ఆ వివాదాన్ని కథలు కథలుగా ప్రచురించాయి. విచారణకు ముందురోజే ఆమె ప్రాణం తీసుకున్నారు. అంతిమయాత్రకు జనం వేలాదిగా తరలివచ్చారు. ఆమె రాసినట్టు చెబుతున్న లేఖల ప్రామాణికతపై నేటికీ భిన్నాభిప్రాయాలు ఉన్నాయి.

లూ షున్ ప్రశ్న

ప్రముఖ రచయిత లూ షున్ అదే ఏడాది ఈ ఘటనపై వ్యాసం రాశారు. బలవంతుల ఎదుట తలవంచే పత్రికలు నిస్సహాయులపై మాత్రం తమ బలం చూపుతాయన్నది ఆయన విమర్శ. పేరున్నా అధికారం లేని స్త్రీ అటువంటి రాతలకు సులువుగా చిక్కుతుందని ఆయన ఎత్తిచూపారు.

రువాన్ చిత్రాలలో అనేకం నేడు లభ్యం కావు. ఆమె జీవితం ఆధారంగా స్టాన్లీ క్వాన్ తీసిన చిత్రంలో రువాన్ పాత్రకు మ్యాగీ చియుంగ్ 1992 బెర్లిన్ చలనచిత్రోత్సవంలో ఉత్తమ నటి పురస్కారం అందుకున్నారు. లోకులు కాకులు అంటారు. ఆ కాకుల గోలను అచ్చువేసి అమ్మేవారి బాధ్యత ఎంత అన్న లూ షున్ ప్రశ్న మాత్రం నేటికీ పాతబడలేదు.