అమ్మతో కోవ్‌లో ఒక పూట

అమ్మ తిరుగు ప్రయాణానికి ఇంకా తొమ్మిది రోజులే ఉంది. ఐర్లండ్ విజిట్ వీసా ఎటూ తొంభై రోజులు. అందులో సగం వానకి పోయింది, మిగతా సగం మా ఉద్యోగాలకీ పిల్లల స్కూలుకీ పోయింది. మోహర్ కొండలు చూపిద్దామని కారెక్కిస్తే సగం దారిలోనే ఆవిడకి కళ్ళు తిరిగాయి. “నాకు కొండలొద్దే అమ్మాయ్. సముద్రం ఉన్న ఊరేదైనా చూపించు. కాకినాడ దాన్ని” అంది.

మేముండేది కార్క్‌లో. సముద్రం ఉన్న ఊరంటే మాకు రైల్లో ఇరవై అయిదు నిమిషాల దూరంలోనే కోవ్ ఉంది. నాలుగేళ్ళుగా ఇక్కడుంటూ నేనూ సరిగ్గా చూడలేదు. టైటానిక్ చివరిసారి ఆగిన ఊరు అని తెలుసు, అంతే. ఒక శనివారం పొద్దున్న డబ్బాలో పులిహోర కట్టుకుని కెంట్ స్టేషన్‌లో రైలెక్కాం. వెళ్ళేవాళ్ళు కుడివైపు కిటికీ పట్టుకోండి. ఫోటా వైల్డ్‌లైఫ్ పార్క్ స్టేషన్ దాటాక ఊరు వచ్చేదాకా నీళ్ళు పక్కనే వస్తాయి. కోవ్ ఉన్నది గ్రేట్ ఐలండ్ అనే దీవి మీద. రైలు వంతెన దాటుతుంటే పిల్లలకంటే అమ్మే ముందుకు వంగి చూసింది.

స్టేషన్ బోర్డు చూసి మా చిన్నాడు “కోబ్” అని చదివాడు. తప్పు వాడిది కాదు. రాయడం చివర బి, హెచ్ పెట్టి రాస్తారు. ఐరిష్‌లో ఆ రెండక్షరాలూ కలిస్తే పలికేది ‘వ’. అసలు ఇది ఇంగ్లీషు మాటే, సముద్రం లోపలికి చొచ్చుకొచ్చిన చోటు అని. 1849లో విక్టోరియా రాణి వచ్చి వెళ్ళిందని క్వీన్స్‌టౌన్ అని పేరు మార్చారు. స్వాతంత్ర్య పోరాటం రోజుల్లో, 1920ల మొదట్లో, పాత పేరునే ఐరిష్ వేషం వేసి వెనక్కి తెచ్చుకున్నారు. అమ్మ ఇదంతా విని, “మన కాకినాడనీ దొరలు కోకనాడ అనేవారు” అంది.

నడిపించి చూపే గైడును ముందే మాట్లాడుకున్నాం. రిటైరైన పెద్దమనిషి, పుట్టింది పెరిగింది ఇక్కడే. ఆయన్ని అడక్కుండా రాస్తున్నాను కనుక పేరు రాయను. అమ్మకి ఆయన యాస అర్థం కాదు, నాకూ సగమే. అయినా ఆయన ప్రతి చోటా ఆగి, నేను తెలుగులో చెప్పేదాకా ఓపిగ్గా నిలబడేవాడు. నేను ఆపేశాక “మీ అమ్మగారు ఏమన్నారు?” అని అడిగేవాడు. ఆ ప్రశ్నతోనే మా టూర్ దారి మారింది.

మొదట తీసుకెళ్ళింది రేవు దగ్గర ఉన్న ఆనీ మూర్ విగ్రహం దగ్గరికి. కార్క్ అమ్మాయి. 1891 డిసెంబర్ 20న ఇద్దరు తమ్ముళ్ళని వెంటబెట్టుకుని నెవాడా అనే ఓడ ఎక్కింది. తల్లిదండ్రులు అప్పటికే న్యూయార్క్‌లో ఉన్నారు. 1892 జనవరి 1న ఎల్లిస్ ఐలండ్ తెరిచిన రోజున అక్కడ పేరు నమోదైన మొదటి మనిషి ఆమే. పది డాలర్ల బంగారు నాణెం చేతిలో పెట్టారట. విగ్రహంలో తమ్ముడు సముద్రం వైపు వేలు చూపిస్తుంటే అక్క వెనక్కి తిరిగి చూస్తూ ఉంటుంది. ఇంతవరకు చాలామందికి తెలిసిన కథే. నాకు తెలియనిది ఆ తర్వాతి భాగం. టెక్సాస్‌లో చనిపోయిన వేరే ఆనీ మూర్‌నే ఈవిడ అని చాలాకాలం అందరూ నమ్మారు. 2006లో ఒక వంశవృక్ష పరిశోధకురాలు పాత కాగితాలు తవ్వి తీస్తే, అసలు ఆనీ న్యూయార్క్ దాటి పోనేలేదని తేలింది. లోయర్ ఈస్ట్ సైడ్‌లోనే కాపురం చేసి, పిల్లల్ని కని, వాళ్ళలో కొందరిని పోగొట్టుకుని 1924లో పోయింది. సమాధి మీద ఆమె పేరుతో రాయి కూడా లేదు. రాయి పెట్టింది ఆ పరిశోధన తర్వాతే.

“వేరే మనిషిని తమ మనిషి అనుకున్నారా ఇన్నాళ్ళూ?” అంది అమ్మ. ఇంకేమీ అనలేదు.

అక్కణ్ణించి వరసగా చూస్తూ వెళ్ళాం. 1848 నుంచి 1950 మధ్య ఐర్లండ్ వదిలిపోయిన అరవై లక్షల మందిలో దాదాపు పాతిక లక్షల మంది ఈ ఒక్క రేవు నుంచే వెళ్ళారంటారు. బంగాళదుంప పంట కుళ్ళిపోయి వచ్చిన కరువులో, 1845 నుంచి 1852 లోపల, పదిలక్షల మంది చనిపోయారు, ఇంకా ఎక్కువమందే దేశం వదిలారు. పాత రైల్వే స్టేషన్ భవనంలోనే కోవ్ హెరిటేజ్ సెంటర్ ఉంది. అక్కడ ఈ వలసల కథంతా బొమ్మలతో, సామాన్లతో పెట్టారు. పిల్లలున్న వాళ్ళు దానికి ఒక గంట ఉంచుకోండి.

టైటానిక్ సంగతి. 1912 ఏప్రిల్ 11న అది వచ్చింది కానీ ఊళ్ళోకి రాలేదు. నౌకాశ్రయం ముఖద్వారం దగ్గర, రోచెస్ పాయింట్ అవతల లంగరు వేసుకుంది. అమెరికా, ఐర్లండ్ అనే రెండు చిన్న పడవలు జనాన్నీ టపా మూటల్నీ అక్కడికి చేరవేశాయి. ఎక్కినవాళ్ళు 123 మంది, అందులో 113 మంది మూడో తరగతి. ఆ 123లో బతికినవాళ్ళు 44 మంది. దిగిపోయినవాళ్ళు ఏడుగురు. వాళ్ళలో ఫ్రాన్సిస్ బ్రౌన్ అనే జెస్యూట్ విద్యార్థి ఒకడు. మేనమామో బాబాయో, ఆ బంధువు ఇక్కడి బిషప్, ఆయనే టికెట్ కొనిపెట్టాడు. ఓడలో పరిచయమైన అమెరికన్ దంపతులు న్యూయార్క్ దాకా ఖర్చు మేం పెట్టుకుంటాం రమ్మన్నారు. పైవాళ్ళని అనుమతి అడిగితే వెంటనే దిగిపొమ్మని తంతి వచ్చింది. టైటానిక్ లోపల తీసిన ఫొటోలు మనం ఇవాళ చూస్తున్నామంటే చాలావరకు అతని కెమెరా పుణ్యమే.

వైట్ స్టార్ లైన్ వాళ్ళ పాత టికెట్ ఆఫీసు ఇప్పుడు మ్యూజియం. దాని వెనక ఆ రోజు జనం పడవెక్కిన చెక్క వంతెన నీళ్ళలో ఇంకా ఉంది. సగం కుళ్ళిన గుంజలు. వాటి మీద సముద్రపు కాకులు కూర్చుని ఉన్నాయి.

అమ్మ ఆ గుంజల వైపు చాలాసేపు చూసింది. “మా కాకినాడలోనూ అంతే. అప్పట్లో ఓడ ఒడ్డుకి వచ్చేది కాదు. దూరంగా ఆగితే నావల మీద తీసికెళ్ళి ఎక్కించేవారు” అంది. నేను గైడుకి చెప్పాను. “ఎవరు ఎక్కారు?” అని అడిగాడాయన.

మా ఇంట్లో ఈ మాట వస్తే ఎప్పుడూ రెండు ముక్కల్లో ముగిసేది: అమ్మ వాళ్ళ తాత రంగం వెళ్ళాడు, తిరిగి రాలేదు. రంగం అంటే రంగూన్. గోదావరి, విశాఖ జిల్లాల్లో ఆ పేరు వినని పాత కుటుంబం ఉండదేమో. మేస్త్రీలు పల్లెల్లో అడ్వాన్సులిచ్చి మనుషుల్ని పోగుచేసేవారు. రంగూన్ రేవులో మూటలు మోయడానికీ, బియ్యం మిల్లుల్లోకీ మనవాళ్ళు డెక్కు మీద కూర్చుని బంగాళాఖాతం దాటేవారు. బర్మాలో మనవాళ్ళకి కోరంగీలని పేరు. మన కోరంగి రేవు పేరే అది. రెండు మూడేళ్ళు చేసి, అప్పు తీర్చి, రావడం వాడుక. అమ్మ తాత కూడా అలాగే వెళ్ళాడు, ఆఖరి కొడుకు నాయనమ్మ కడుపులో ఉండగా. మనియార్డర్లు వచ్చేవి. 1941 డిసెంబర్‌లో జపాన్ వాళ్ళు రంగూన్ మీద బాంబులు వేశారు. ఆ తర్వాత ఉత్తరం లేదు, డబ్బు లేదు, మనిషి లేడు. లక్షలమంది మనవాళ్ళు అడవుల్లో పడి అస్సాం వైపు నడిచారు, దారిలో ఎందరు పోయారో లెక్కలేదు. ఆయన ఆ గుంపులో ఉన్నాడా, అంతకుముందే పోయాడా తెలీదు. అక్కడే ఇంకో సంసారం పెట్టుకున్నాడని అన్నవాళ్ళూ ఉన్నారు. “నాయనమ్మ చచ్చేదాకా బొట్టు తీయలేదు. ఊళ్ళో వాళ్ళు మొహం మీదే అనేవారు. అయినా తీయలేదు” అంది అమ్మ. ఈ చివరి సంగతి నేను వినడం అదే మొదలు.

గైడు కాసేపు మాట్లాడలేదు. తర్వాత అమెరికన్ వేక్ గురించి చెప్పాడు. ఐరిష్ వాళ్ళు చనిపోయిన మనిషి దగ్గర రాత్రంతా జాగారం చేస్తారు, దాన్ని వేక్ అంటారు. పిల్లలు అమెరికా వెళ్ళే ముందు రాత్రి కూడా పల్లెల్లో అలాగే జాగారం చేసేవారట. తిండి, పాటలు, నాట్యం, తెల్లవారుజామున ఏడుపులు. వెళ్ళినవాళ్ళు మళ్ళీ కనబడరని అందరికీ తెలుసు. అందుకని బతికున్న మనిషికే ఆ మర్యాద చేసేవారు. నేను తెలుగులో చెబుతుంటే మధ్యలో నా గొంతు ఆగింది. శంషాబాద్‌లో నన్ను ఎక్కించిన రాత్రి అమ్మ, నాన్న నిద్ర పోలేదని తెలుసు. నాన్న పోయినప్పుడు నేను సమయానికి చేరలేదు. ఆ సంగతి మేమిద్దరం ఇంతవరకు ఎత్తుకోలేదు, ఆ రోజూ ఎత్తుకోలేదు.

కొండ మీది సెయింట్ కోల్మన్స్ కెథెడ్రల్ దాకా ఎక్కడం మోకాళ్ళ నొప్పులున్న వాళ్ళకి కష్టం. నిదానంగా ఎక్కాం. 1868లో మొదలుపెట్టి 1919కి గానీ పూర్తి చేయలేదు. నలభై తొమ్మిది గంటల కారిలాన్ ఉంది, ఐర్లండ్‌లో అదే పెద్దది. పక్క వీధిలో రంగురంగుల ఇళ్ళు వాలులో మెట్లలా ఉంటాయి. అడుగున ఉన్నది పడితే అన్నీ పడతాయని ‘పేకముక్కలు’ అంటారు. ఫొటోల కోసం వచ్చేవాళ్ళంతా అక్కడే ఉంటారు. మా పిల్లలూ దిగారు.

పైనుంచి నౌకాశ్రయం అంతా కనిపిస్తుంది. ఎదురుగా స్పైక్ ఐలండ్, 1847లో కరువు కాలంలో జైలుగా మార్చిన కోట. దానికి పడవ మీద వెళ్ళాలి, ఇంకో పూట కావాలి. దాని ఇటుపక్క హాల్‌బౌలిన్, ఐరిష్ నౌకాదళం స్థావరం. 1985 జూన్ 23న ఎయిరిండియా కనిష్క విమానం ఈ తీరానికి దూరంగా సముద్రంలో పేలిపోయినప్పుడు 329 మంది పోయారు. వాళ్ళకోసం వెతికిన ఓడల్లో ఐరిష్ నౌకాదళానిదీ ఉంది. దొరికిన దేహాలు 131. వెస్ట్ కార్క్‌లో అహకిస్టా అనే పల్లెలో సముద్రానికి ఎదురుగా స్మారకం కట్టారు. ఏటా ఆ రోజున బంధువులు వస్తారు.

పార్కు బెంచీ మీద పులిహోర తిన్నాం. గొడుగు సంగతి మరిచిపొండి, ఆ గాలికి నిలవదు. టోపీ ఉన్న జాకెట్ తెచ్చుకోండి. సముద్రపు కాకులు డబ్బాలోకే వచ్చేస్తాయి.

టూర్ అక్కడితో అయిపోవాలి. కేస్‌మెంట్ స్క్వేర్‌లో లూసిటేనియా స్మారకం చూపించి, మనుషుల్ని పాతిపెట్టింది మాత్రం ఊరి బయట ఓల్డ్ చర్చ్ శ్మశానంలో అన్నాడు గైడు. 1915 మే 7న జర్మన్ జలాంతర్గామి కొట్టిన దెబ్బకి ఆ ఓడ పద్దెనిమిది నిమిషాల్లో మునిగింది. పన్నెండు వందల మంది దాకా పోయారు. అమ్మ అక్కడికి వెళ్దామంది. టాక్సీలో వెళ్ళాం.

మూడు సామూహిక సమాధులు. గుర్తు తెలియని వాళ్ళకి నంబర్లు వేసి, ఫొటోలు తీసి పెట్టారు. ఎప్పటికైనా ఎవరైనా వచ్చి ఇది మా మనిషే అని చెబుతారని. అమ్మ చెప్పులు విప్పి గడ్డి అంచున నిలబడింది. “వీళ్ళకి నంబరైనా ఉంది” అంది.

రైల్లో వెనక్కి వస్తుంటే మా పెద్దదాన్ని పిలిచి, టూర్ కాగితం వెనక రాయమంది: తాత పేరు, తండ్రి పేరు, ఊరు. అది ఇంగ్లీషులో రాసింది. “తెలుగులో కూడా” అంది అమ్మ. దానికి వత్తులు రావు, చెయ్యి పట్టుకుని రాయించింది.

“వెళ్ళిన ఏడు, అమ్మమ్మా?”

“మా చిన్నాన్న కడుపులో ఉండగా వెళ్ళాడు. ఆయనకిప్పుడు ఎనభై ఎనిమిది అంటాడు. కార్తీకంలో పుట్టాడట.”

అది వేళ్ళ మీద లెక్కపెట్టుకుంది. అప్పుడు వయసు ఎలా లెక్కేసేవారో, పుట్టక ముందా పుట్టిన ఏడాదా అని మళ్ళీ అడిగింది. అమ్మకీ తేలలేదు. “ఖాళీ ఉంచు. కాకినాడ వెళ్ళగానే ఆయన్ని అడిగి ఫోన్ చేస్తాను” అంది.