సూరచేప సలాడు: ఇంట తేలికగాను, శుభ్రముగాను చేసికొను విధము

మన కర్షక కుటుంబములలో కంచమున అన్నమునకే ప్రథమస్థానము. అన్నము బలము నిచ్చునది యనుట నిజమే. కాని దేహమునకు కండను కూర్చుటకును, అరిగిన కండను మరల పూరించుటకును వలసినవి మాంసకృత్తులు. నాట్ల దినములలోను, కోతల దినములలోను ఒక పచ్చడితోనో, చారుతోనో నాలుగు ముద్దలు తిని మరల చేనికి పోవు స్త్రీపురుషులకు ఇవి చాలినంతగా అందుట లేదు. మరియొక ప్రక్క, యంత్రములు వచ్చిన పిమ్మట పూర్వపు శ్రమ లేకున్నను పూర్వమంత అన్నమే తినుచు, మధుమేహమును, రక్తపుపోటును తెచ్చుకొనినవారును మన సభ్యులలో కలరు. ఈ యిరుతెగలవారికిని ఉపకరించు నొక వంటకమును గూర్చి ఈ మాసమున మేము వ్రాయుచున్నాము. అది చేపతోను, పచ్చి కూరగాయలతోను చేయు సలాడు.

సలాడనునది పరదేశపు మాటయే కాని వస్తువు మనకు క్రొత్తది కాదు. పచ్చి కూరగాయలను తరిగి, ఉప్పును పులుపును చేర్చి కలిపి తినుటయే సలాడు. మన పెరుగుపచ్చడియు, శ్రీరామనవమినాడు పంచిపెట్టు వడపప్పును ఈ జాతిలోనివే. వీనిలో చేప చేరుటయే ఇచ్చటి విశేషము.

చేప ఎట్టిది?

ఆంగ్లేయులు ట్యూనా యని పిలుచు చేపను మన తీరమున జాలరులు సూర యందురు. ఇది నడిసముద్రమున గుంపులుగా, మిక్కిలి వేగముగా ఈదు చేప. ఇందు పలు జాతులు కలవు. కొన్ని కిలోల బరువునకు మించని చిన్న జాతులును, పసుపుపచ్చని రెక్కలతో నూరు కిలోలకు మించి పెరుగు పెద్ద జాతియు ఉన్నవి. ఈ పసుపురెక్కల సూర మన విశాఖపట్టణపు రేవునకు వచ్చుచున్నది. లక్షద్వీపములలోని మినికాయ్ ద్వీపమువారు చిన్న జాతిని గాలపుగడలతో ఒక్కొక్కటిగా పట్టి, ఉడికించి, పొగబెట్టి, ఎండబెట్టి నిలువచేసికొందురు.

సూర కండ దట్టమైనది, ముండ్లు తక్కువ. నీటిలో నిలువచేసిన డబ్బా సూర 100 గ్రాములలో మాంసకృత్తులు ఇంచుమించు 20 మొదలు 25 గ్రాముల వరకు ఉండగా, క్రొవ్వు సుమారు 1 గ్రాము మాత్రమే. శక్తి 100 కెలోరీల ప్రాంతమున నుండును. నూనెలో నిలువచేసిన దానియందు, ఆ నూనెను వడకట్టివేసినను, క్రొవ్వు 8 గ్రాముల వరకు నిలిచిపోవును. కావున డబ్బా కొనువారు నీటిలో నిలువచేసినదానినే కోరవలెను.

తేలికైన వంటకము బరువగుట యెట్లు?

1903లో అమెరికా దేశపు కాలిఫోర్నియా తీరమున సాన్ పెడ్రోలో సార్డీను చేపలు దొరకని కాలము వచ్చెను. అప్పుడచ్చటి యొక కర్మాగారము తెల్లని కండ గల సూరజాతిని ఉడికించి డబ్బాలలో నింపి అమ్మజొచ్చెను. 1914 మొదలు 1918 వరకు జరిగిన ప్రపంచయుద్ధకాలమున దీని వాడుక మిగుల వ్యాపించెను. అచ్చటి గృహిణులు ఈ చేపను మయొనేజు అను పదార్థముతో కలిపి రొట్టెముక్కల నడుమ పెట్టుట అలవాటు చేసికొనిరి. నేడు పట్టణములలో సూర సలాడు పేర దొరకునది సామాన్యముగా ఇదియే.

మయొనేజనగా గ్రుడ్డుసొనను నూనెతో చిలికి చిక్కబఱచినది. అందు ముప్పాతిక పాలు నూనెయే. ఒక పెద్దచెంచాడు మయొనేజులో 10 గ్రాముల క్రొవ్వును, 90కి పైబడిన కెలోరీలును ఉండును. నూరు గ్రాముల చేపకు నాలుగు పెద్దచెంచాల మయొనేజు కలిపినచో, చేప యిచ్చు శక్తికంటె పైన పోసినది యిచ్చు శక్తి మూడున్నర రెట్లగుచున్నది. తేలికయని నమ్మి తినిన రోగి మోసపోవుచున్నాడు. అంతియే తూకము పెరుగును వాడినచో 40 కెలోరీలకు మించదు. కాబట్టి సలాడు తేలికయగునో కాదో తేల్చునది చేప కాదు, దానిపై పోయునది.

మంచు లేని చేప మందులేని చేటు

ఇది ఈ వ్యాసమునకు ముఖ్యభాగము. పాఠకులు శ్రద్ధతో చదువ ప్రార్థన. సూర దేహము సముద్రజలముకంటె వెచ్చనిది. గాలమునకు చిక్కి పెనుగులాడునపుడు ఆ వేడి ఇంకను హెచ్చును. దాని కండలో హిస్టిడిన్ అను పదార్థము మెండుగా నుండును. చచ్చిన చేపను వెంటనే మంచులో పెట్టనిచో సూక్ష్మజీవులు పెరిగి ఆ హిస్టిడిన్‌ను హిస్టమిన్ అను హానికర పదార్థముగా మార్చును. ఒకసారి పుట్టిన హిస్టమిన్ ఉడికించినను పోదు, వేయించినను పోదు, గడ్డకట్టించినను పోదు. వాసనకును కంటికిని చేప బాగుగానే తోచవచ్చును.

అట్టి చేపను తినినవారికి కొద్ది నిమిషములు మొదలు రెండు గంటలలోపల ముఖము ఎఱ్ఱబాఱుట, తలనొప్పి, దురద, నోట మంట, గుండెదడ, వాంతి, విరేచనములు కలుగును. పెక్కుమందికి ఒక దినములో తగ్గును గాని, ఊపిరి అందనిచో జాగు చేయక వైద్యుని యొద్దకు కొనిపోవలెను. ముద్ద నోట పెట్టగనే మిరియము కొఱికినట్లు చుఱ్ఱుమనినచో వెంటనే ఉమిసివేయవలెను. కానాగంత చేపకును ఈ దోషము కలదు.

కావున పచ్చి సూర కొనువారు ధర అడుగుటకు ముందు, పట్టినది మొదలు మంచులో నున్నదా యని అడుగవలెను. ఎండలో పఱచి యమ్మునది ఎంత చౌకయైనను ముట్టరాదు. ఇంటికి తెచ్చునపుడు చేప యెంత తూకమో మంచును అంత తూకము వేసి, మూతగల పెట్టెలో తేవలెను. మంచి చేప కన్ను తేటగాను, మొప్పలు ఎఱ్ఱగాను, కండ వ్రేలితో నొక్కిన మరల లేచునట్లుగాను ఉండును.

డబ్బా కొనువారు దానిపై ముద్రించిన గడువుతేదీని చూడవలెను. ఉబ్బినది, సొట్టపడి అంచు విడినది, త్రుప్పుపట్టి కారుచున్నది, తెఱవగనే లోపలి నీరు చిమ్మినది పారవేయవలెను. రుచి చూచి తెలిసికొందమనుట ప్రాణాపాయము; అట్టి డబ్బాలలో పుట్టగల బొట్యులిను విషము మిక్కిలి క్రూరమైనది.

కావలసిన సామగ్రి (నలుగురికి)

ముల్లు తీసిన పచ్చి సూర 400 గ్రాములు, లేక నీరు వడకట్టిన డబ్బా సూర 250 గ్రాములు. కీరదోసకాయ 1, ఉల్లిపాయ 1, గట్టి టమాటాలు 2, క్యారెట్ 1, మొలకెత్తిన పెసలు గుప్పెడు, పచ్చిమిరపకాయ 1, కొత్తిమీర కొంచెము. వెన్న తీసిన పాల పెరుగు 200 గ్రాములు, నిమ్మకాయ 1, ఆవపిండి అరచెంచా, మిరియపుపొడి పావుచెంచా, పసుపు చిటికెడు, తగినంత ఉప్పు.

చేయు విధము

పెరుగును పలుచని శుభ్రమైన గుడ్డలో మూటగట్టి రెండు గంటలు వ్రేలాడదీయవలెను. నీరు దిగి మీగడవలె చిక్కబడును. దినము వేడిగా నున్నచో ఈ మూటను గిన్నెపై నుంచి ఫ్రిజ్జులో పెట్టుట మేలు.

పచ్చి చేపను రెండంగుళముల ముక్కలుగా కోసి, కడిగి, ఉప్పును పసుపును పట్టించి, ఇడ్లీపాత్రలో ఆవిరిపై పదునైదు మొదలు ఇరువది నిమిషములు ఉడికించవలెను. ముక్క నడుమ పచ్చిదనము పోయి, పుల్లతో కదల్చిన పొరలు పొరలుగా విడిపోయినచో ఉడికినట్లే. చల్లార్చి చర్మమును, మిగిలిన ముల్లును తీయవలెను. చేప ప్రక్కల వెంబడి నల్లని ఎఱుపుగల కండ యొక చారగా నుండును. అది హానికరము కాదు గాని నీచువాసన దానిదే. అలవాటు లేనివారు దానిని తీసివేసి తెల్లని కండను మాత్రము వ్రేళ్లతో చిదుపవలెను. డబ్బా చేపనైనచో మరల ఉడికింప నక్కఱలేదు. అందు ముందే ఉప్పు కలదు గనుక రక్తపుపోటు గలవారు ఒకసారి మంచినీట కడిగి వాడవలెను.

మొలకలను ఐదు నిమిషములు ఆవిరిపై ఉడికించవలెను. పచ్చి మొలకలలో సూక్ష్మజీవులు దాగియుండుట కలదు. కీరదోసను, టమాటాను గింజలతోడి నీరు తీసి తరుగవలెను. లేనిచో సలాడు నీరుగారిపోవును. ఉల్లిని సన్నగా తరిగి, నిమ్మరసములో కొంచెముసేపు నానవేసినచో ఘాటు తగ్గును.

చిక్కని పెరుగులో ఆవపిండి, మిరియపుపొడి, మిగిలిన నిమ్మరసము, ఉప్పు వేసి గిలకొట్టవలెను. దీనిలో ముందు చేపను, తరువాత కూరగాయలను, చివర కొత్తిమీరను వేసి, చిదికిపోకుండ పైపైన కలుపవలెను. ఒక్కొక్కరి వంతునకు 150 కెలోరీలకు మించదు. మాంసకృత్తులు 15 గ్రాములకు తగ్గవు. జొన్నరొట్టెతోగాని, పుల్కాతోగాని తినవచ్చును. అన్నము తినువారు దీనినే ముందు తిని, అన్నమును సగము చేసికొనవలెను.

పెరుగు వలదనువారికి రెండవ విధము

చేపను పాలతో కలిపి తినరాదని చరకసంహిత చెప్పినది. మన యిండ్లలో ఈ నిషేధమును పెరుగునకును వర్తింపజేసి, బొల్లి వచ్చునని భయపడుదురు. అట్లు వచ్చునని నేటి వైద్యశాస్త్రము నిరూపింపలేదు. వంగదేశీయులు పెరుగుతో చేపను వండుకొని తరతరములుగా తినుచున్నారు. ఐనను ఇంటి యాచారమును కాదనుట మా యుద్దేశము కాదు. అట్టివారికి మాల్దీవుల పద్ధతి తగినది. అచ్చటివారు సూరను చిదిపి, కొబ్బరితురుము, ఉల్లి, పచ్చిమిరప, నిమ్మరసము కలిపి, నలిపి, ఉదయమున రొట్టెతో తిందురు. దానిని మాస్‌హుని యందురు. పెరుగు లేదు, నూనె లేదు. అయితే కొబ్బరిలో క్రొవ్వు హెచ్చు గనుక నలుగురికి నాలుగు పెద్దచెంచాల తురుము చాలును.

సూర దొరకని మెట్టప్రాంతములవారు కొరమీనును ఇట్లే ఉడికించి వాడవచ్చును. దాని కండలో సన్నముండ్లు తక్కువ. చేప తిననివారు ఉడికించిన సెనగలతో చేసికొనవచ్చును.

నిలువయు, జాగ్రత్తలును

కలిపిన సలాడును రెండు గంటలలోపల తినివేయవలెను. మన వేసవి యెండలలో ఒక గంటకు మించి బయట ఉంచరాదు. పొలమునకు కొనిపోవువారు చేపను తేక, సెనగల సలాడును కొనిపోవుట క్షేమము. మిగిలినదానిని ఫ్రిజ్జులో పెట్టి మరునాటితో ముగింపవలెను. తెఱచిన డబ్బాలోని చేపను గాజుగిన్నెలోనికి మార్చి పెట్టవలెను.

పెద్ద జాతి సూరలు చిరకాలము జీవించి చిన్న చేపలను తినునవి గనుక వాని కండలో పాదరసము కొంత చేరియుండును. గర్భిణులును, పాలిచ్చు తల్లులును, పిల్లలును చిన్న జాతి సూరనే తినుట మంచిది. పసుపురెక్కల సూరయైనచో గర్భిణులు వారమునకు ఒక్కసారికి, నూరు గ్రాములకు మించకుండ చూచుకొనవలెను. చేప తినగనే ఒడలు దద్దురులెత్తు స్వభావము గలవారు దీని జోలికి పోరాదు.

సంఘములు చేయదగినది

ఒక కుటుంబము కిలో చేపకై రేవునకు పోయి, కిలో మంచు వెదకి తెచ్చుట సాధ్యము కాదు. పది కుటుంబములు చేరినచో ఒక మంచుపెట్టె కొనగలవు. ఒక బండిపై వారమునకొకసారి తెప్పింపగలవు. సంఘపు అంగడిలో సరకులు తెప్పించునపుడు నీటిలో నిలువచేసిన డబ్బాలను తేదీ చూచి ఒక పెట్టె తెప్పించుటయు కష్టము కాదు. కీరదోస, టమాటా, ఉల్లి, నిమ్మ, పెసలు, పెరుగు మన సభ్యుల చేలలోను దొడ్లలోను పుట్టునవే. వానిని పట్టణపు బేరగానికి అమ్ముకొని, మన పిల్లలకు పచ్చడి మెతుకులు పెట్టుట న్యాయము కాదు. పండించినదానిలో కొంత మన కంచమునకు రావలెను. చేపతోడి మంచు రేవునుండి ఇల్లు చేరువఱకు కరగిపోకుండవలెను. ఈ రెండింటిని సాధింపగలిగినది ఒంటి రైతు కాదు, సంఘమే.